దెయ్యాలకు అనుమతిపత్రం

బాలసాహిత్యంలో దెయ్యాల ప్రవర్తన నానాటికీ శ్రుతిమించుతోందనీ, వాటిని అదుపులో పెట్టే నియమావళి ఒకటి తక్షణమే అవసరమనీ బాధ్యత గల పెద్దలందరి తరఫునా మనవి చేస్తున్నాను. పదేళ్ల పిల్లలు చదువుకునే పుస్తకాల్లో దెయ్యం ఏ ముందస్తు సమాచారమూ ఇవ్వకుండా మంచం కింది నుంచి చెయ్యి చాపుతోంది. రాక్షసుడు తన ప్రాణాన్ని ఏడు సముద్రాల అవతల చిలుకలో భద్రపరచుకొని, ఇక్కడ నిశ్చింతగా మనుషులను నమిలేస్తున్నాడు. మాంత్రికుడికైతే స్థిరమైన చిరునామా కూడా లేదు. ఇంత జరుగుతున్నా పిల్లలు ఫిర్యాదు చేయకపోగా రెండో భాగం ఎప్పుడు వస్తుందని అడుగుతున్నారంటే పరిస్థితి ఎంత విషమించిందో ఊహించుకోవచ్చు.

పిల్లలకు భయమే అక్కరలేదని నేను అనడం లేదు. బూచాడు లేకపోతే వాళ్లను నిద్రపుచ్చేదెలా? నా అభ్యంతరమంతా భయాన్ని ఎవరు పంచిపెట్టాలన్న దాని గురించే. భయపెట్టడం తరతరాలుగా పెద్దల చేతిలో ఉన్న అధికారం. ఆ అధికారాన్ని ఒక పుస్తకం తీసుకెళ్లి పిల్లవాడి చేతిలోనే పెట్టి, కావలసినంతసేపు భయపడి, చాలనిపించినప్పుడు మూసెయ్యమంటే ఇంటి పాలన ఏమైపోవాలి? మన బూచాడిని అలా మూసెయ్యడం కుదరదు. అతడికి విద్యావిలువ ఉన్నది అందువల్లనే.

ఫ్రాంక్‌ఫర్ట్ వైద్యుడు హైన్రిష్ హాఫ్‌మన్ ఈ సూక్ష్మాన్ని ఏనాడో గ్రహించాడు. 1844లో మూడేళ్ల కొడుక్కి పండుగ కానుకగా ఆయనే రాసి, బొమ్మలు వేసి, మరుసటి ఏడాది అచ్చు వేయించిన పుస్తకంలో, బొటనవేలు చీకే పిల్లవాడి ఇంటికి ఒక దర్జీ పెద్ద కత్తెరతో దూకి వచ్చి రెండు బొటనవేళ్లూ కత్తిరించి పోతాడు. చెడ్డ అలవాటు మాన్పించే సదుద్దేశం ఉంది కనుక ఆ దర్జీని మనం ఉపాధ్యాయుడిగా పరిగణించాలి. అదే కత్తెరతో అదే దర్జీ ఏ నీతీ చెప్పకుండా ఒక కథలో అడుగుపెడితే మాత్రం వెంటనే పోలీసులకు కబురు పంపాలి.

మన ఉద్యమానికి ఘనమైన పూర్వీకులు ఉన్నారు. ఇంగ్లండులో సారా ట్రిమ్మర్ 1802 నుంచి 1806 వరకు నడిపిన బాలసాహిత్య సమీక్షా పత్రికలో, సిండ్రెల్లా కథ పిల్లలకు అసూయనూ, అలంకారాల మోజునూ, సవతి తల్లి మీద ద్వేషాన్నీ నేర్పుతుందని హెచ్చరించే లేఖ ఒకటి అచ్చయింది. జర్మనీలో జానపద కథలు సేకరించి అచ్చువేసిన గ్రిమ్ సోదరులు ఆ హెచ్చరికను పట్టించుకున్నట్టు లేదు. వారి 1812 నాటి తొలి ముద్రణలో స్నో వైట్‌ను చంపించబోయినది కన్నతల్లి. 1819 ముద్రణకల్లా ఆవిడ సవతి తల్లి అయింది. హత్యాయత్నం ఎక్కడిదక్కడే ఉన్నా మాతృత్వం గౌరవం నిలబడింది. సవతి తల్లులకు అప్పట్లో ఒక సంఘం లేకపోవడం మన అదృష్టం.

అయితే మనకు అసలైన మార్గదర్శకం స్కాట్లాండులోని గ్లాస్గో నగరం. 1954 సెప్టెంబరులో అక్కడి గోర్బల్స్ ప్రాంతపు పిల్లల్లో ఒక వదంతి పాకింది. ఇద్దరు పిల్లలను తినేసిన రక్తపిశాచి ఒకటి, ఏడడుగుల ఎత్తుతో, ఇనుప పళ్లతో స్మశానంలో తిరుగుతోందట. బాధ్యత తెలిసిన పిల్లలైతే తలుపు గడియ పెట్టుకొని దుప్పటి ముసుగేయాలి. వీళ్లు అలా చేయక, నాలుగైదేళ్ల పసివాళ్లను కూడా వెంటేసుకొని, కర్రలూ కత్తులూ పట్టుకొని, వందల సంఖ్యలో సదరన్ నెక్రోపొలిస్ అనే ఆ స్మశానంలోకి పిశాచి వేటకు బయలుదేరారు. పోలీసులు వచ్చారు. ఒక ప్రధానోపాధ్యాయుడు వచ్చి హితవు చెప్పాడు. ఊళ్లో పిల్లలెవరూ తప్పిపోయిన దాఖలా లేదు. అయినా మరుసటి సాయంత్రం పిల్లలు మళ్లీ వచ్చారు.

పిల్లలకు పిశాచంటే భయం లేదని తేలడంతో పెద్దలకు పిల్లలంటే భయం పట్టుకుంది. దీనికంతటికీ అమెరికా నుంచి వస్తున్న భయానక కామిక్సే మూలమని చర్చి పెద్దలు, ఉపాధ్యాయులు, కమ్యూనిస్టులు ఏకగ్రీవంగా తీర్మానించారు. (వీరు ముగ్గురూ ఏకీభవించిన సందర్భాలు చరిత్రలో ఎన్ని ఉన్నాయో పాఠకులే లెక్కపెట్టుకోవచ్చు.) 1955లో బ్రిటిష్ పార్లమెంటు అటువంటి కామిక్సును నిషేధిస్తూ చట్టం చేసింది. తరవాతి కాలంలో పరిశోధకులు ఆ కామిక్సును తిరగేసి చూస్తే ఇనుప పళ్ల పిశాచి ఎక్కడా దొరకలేదు. ఇనుప పళ్ల మృగం దొరికింది బైబిలులో, దానియేలు గ్రంథం ఏడో అధ్యాయంలో. ఇనుప పళ్ల జెన్నీ అనే మరొకతె స్కాట్లాండు పిల్లలకు బడిలో చెప్పిన పద్యంలో దొరికింది. నిందితులు దొరికాక శిక్ష మార్చాలనేవారు చట్టం గాంభీర్యం తెలియనివారు.

అదే 1954లో అమెరికా కామిక్స్ ప్రచురణకర్తలు తమకు తామే ఒక నియమావళి విధించుకున్నారు. దాని ప్రకారం పుస్తకం పేరులో భయానకమనే మాట ఉండకూడదు. రక్తపిశాచులు, తోడేలు మనుషులు, నడిచే శవాలు కనిపించకూడదు. ప్రతి కథలోనూ మంచి గెలిచి తీరాలి. 1971లో దీన్ని సడలించి, డ్రాక్యులా, ఫ్రాంకెన్‌స్టైన్‌ వంటి ఉత్తమ సాహిత్య సంప్రదాయానికి చెందిన పిశాచాలకు, తోడేలు మనుషులకు ప్రవేశం కల్పించారు. నడిచే శవాలైన జాంబీలకు అటువంటి సాహిత్య వంశం లేనందువల్ల వాకిట్లోనే ఆపేశారు. ఎంత చక్కని ఏర్పాటు! ఎవరి రక్తం తాగుతున్నాడన్నది అప్రధానం, ఏ గ్రంథాలయం నుంచి వచ్చాడన్నదే ప్రధానం. మన నియమావళిలోనూ వంశవృక్షం జతచేయని దరఖాస్తులను తిప్పిపంపాలి.

ఇక మన నిబంధనల సంగతి. దెయ్యం ఏ పేజీలో ఎన్ని నిమిషాలు కనిపించబోతోందో మొదటి పేజీలోనే ప్రకటించాలి, కనిపించడం పగటివేళల్లోనే జరగాలి. భయపెట్టిన మరుక్షణం, తదుపరి వాక్యంలో, తాను కల్పిత పాత్రనని వినయంగా చెప్పుకోవాలి. పాదాలు వెనక్కి తిరిగి ఉండటం నడక నేర్చుకునే వయసు వారిని తికమక పెడుతుంది కనుక, కనీసం ఒక పాదమైనా ముందుకు ఉండేలా చూసుకోవాలి. రాక్షసుడు తన ప్రాణం దాచిన చిలుక వివరాలను పిల్లల సంరక్షకులకు ముందుగా అందజేయాలి. శాపాలు మూడు రోజులకు మించి పనిచేయరాదు. ఊడల మర్రి మీద నివాసం ఉండే వారికి ప్రస్తుతానికి మినహాయింపు ఇవ్వవచ్చు. వాళ్లను ఖాళీ చేయిస్తే ఎక్కడికి వస్తారో ఎవరికి తెలుసు?

మిగిలిన చిక్కల్లా పరీక్షకులది. ప్రతి పుస్తకాన్నీ అచ్చుకు ముందే ఒక పెద్దమనిషి ఆమూలాగ్రం చదివి ధ్రువీకరించాలి, అదీ ఒంటరిగా, రాత్రిపూట, ఒక్క దీపం వెలుగులో, ఎందుకంటే పిల్లలు చదివే పద్ధతి అదే. అర్హత గల పెద్దమనుషులను ఇద్దరు ముగ్గురిని సంప్రదించాను. ఒకరికి పగలే వీలవుతుందట, మరొకరికి చివరి అధ్యాయం ముందే చెప్పాలట, మూడో ఆయన ఇంట్లో మంచం కింద ఖాళీ లేదని చూపిస్తే తప్ప సంతకం పెట్టనన్నారు. అందువల్ల పరీక్షకుల సౌకర్యార్థం, పుస్తకం పూర్తయ్యేదాకా పక్కన కూర్చొని, అవసరమైనప్పుడు లేచి దొడ్డి తలుపు గడియ వేసి ఉందో లేదో చూసి రావడానికి, ఒక్కొక్కరికి ఒక పదేళ్ల పిల్లను గానీ పిల్లవాణ్ని గానీ సహాయకులుగా నియమించాలని ఇందుమూలంగా కోరుతున్నాను.