ఆ టోపీ ఎవరి నెత్తిన పడింది?

మహారాజశ్రీ డిజిమాన్ అడ్వెంచర్ కార్టూన్ సిరీస్‌లో చివరిదైన 54వ ఎపిసోడ్ గారికి,

ఉభయకుశలోపరి. ఇక్కడ మేమంతా క్షేమం. తమరి క్షేమం అడగనక్కర్లేదు. 2000 మార్చి 26, ఆదివారం నాడు జపాన్‌లో చిన్నాపెద్దా అందరి చేతా కన్నీళ్లు పెట్టించి కన్నుమూసి, సరిగ్గా వారం తిరిగేసరికి, ఏప్రిల్ 2న, రెండో సిరీస్ పేరుతో లేచి కూర్చున్న వారికి అనారోగ్యం ఏముంటుంది?

మొన్న సెలవు రోజున మా అమ్మాయితో కలిసి తమరిని మళ్లీ చూశాను. డిజిటల్ లోకానికి చేరిన కొందరు పిల్లలు, అక్కడ వాళ్లకు తలా ఒకటిగా తోడు దొరికిన డిజిమాన్ అనే వింత జీవులు, అదీ తమరి కథ. యుద్ధం సంగతి ఎక్కువ మాట్లాడను. పరిణామంలో ఓడి నశించిన డిజిమాన్ల దుఃఖమంతా కూడగట్టుకుని పుట్టిన అపోకలిమాన్, తనతో పాటు రెండు లోకాలనూ పేల్చేయబోయాడు. పిల్లల చేతుల్లోని డిజివైస్‌లనే చిన్న యంత్రాలు ఆ పేలుడును వెలుగుల పెట్టెలో పెట్టి మూత బిగించాయి. అంతే, శుభం. ఏడాది పాటు నడిచిన కథకు అంత పొదుపైన యుద్ధం ఎందుకా అనుకున్నాను. తమరి మనసు యుద్ధం మీద లేదు, అప్పగింతల మీద ఉంది.

ముందు పిల్లలకు ఆశ పెట్టారు. మన లోకంలో ఒక నిమిషం గడిస్తే డిజిటల్ లోకంలో ఒక రోజు గడిచేది కదా. ఆగస్టు సెలవులు ఇంకా నాలుగు వారాలున్నాయి. కాగితం మీద లెక్క వేశాను: అక్కడి కాలంలో నూరేళ్లు దాటింది! అంతలోనే గెన్నాయ్ అనే పెద్దమనిషి వచ్చి, ఇకపై రెండు లోకాల కాలం ఒక్కటేనన్నాడు. పైగా గ్రహణం విడిచేలోగా వెళ్లిపోవాలి, తర్వాత దారి మూసుకుపోతుందన్నాడు. మా వైపు గ్రహణం పట్టేటప్పుడు గుడి తలుపులు మూస్తారు, విడిచాక తెరుస్తారు. తమరిది తిరకాసు పంచాంగం.

ఆ తర్వాత చేసినది మాత్రం క్షమించరానంత బాగా చేశారు. కథ మొదట్లో పిల్లలు ఒక రాత్రి తలదాచుకున్న చెరువు దగ్గరి ట్రామ్ పెట్టెనే తెచ్చి వీడ్కోలు బండిగా నిలబెట్టారు. అందరూ తమ తమ డిజిమాన్లతో చివరి మాటలు చెప్పుకుంటుంటే, మిమి అనే అమ్మాయి డిజిమాన్ పాల్మాన్ ఒక్కతే కనబడకుండా పోయింది. వీడ్కోలు చెప్పలేక దాక్కుందట. మిమి వెతికి వెతికి బండెక్కింది. బండి కదిలాక పాల్మాన్ పరుగెత్తుకుంటూ వచ్చింది. మిమి కిటికీలోంచి నడుము దాకా బయటికి వంగి చెయ్యి ఊపుతుంటే, ఆమె నెత్తిమీది గులాబీ రంగు టోపీ గాలికి లేచిపోయింది. ఎవరూ పట్టుకోలేదు. అది ఆకాశంలో అలా తేలుతూనే ఉంది.

మా అమ్మాయి చేతిలో పప్పన్నం ముద్ద అలాగే చల్లారిపోయింది.

కన్నీళ్లు తుడుచుకుని, "ఇంక వాళ్లు ఎప్పటికీ కలవరా నాన్నా?" అని అడిగింది. దారి ఎప్పుడో ఒకప్పుడు తెరుచుకోకపోదని తమరు ఆశ పెట్టిన మాట నిజమే. అయితే ఆ "ఎప్పుడో" అంటే వచ్చే ఆదివారం అని చెప్పవద్దూ? అంతకన్నా ఘోరం, వాళ్లలో కొందరు తమ డిజిమాన్లతో మళ్లీ కలిసి ఇంటర్‌నెట్‌లో పోరాడే సినిమా మార్చి 4నే, అంటే తమరి ఏడుపు సీనుకు మూడు వారాల ముందే థియేటర్లకు వచ్చేసింది. మా పెళ్లిళ్లలోనూ అప్పగింతలప్పుడు వంటవాడితో సహా అందరూ ఏడుస్తారు. పెళ్లికూతురు మూడు నిద్రలకని అల్లుడితో కలిసి నవ్వుతూ తిరిగొస్తుంది. కానీ అప్పగింతలకు ముందే మూడు నిద్రలు చేయించిన ఘనత తమరిదే. విషయం తెలిసి మా అమ్మాయి, "అయితే ఉత్తుత్తినే ఏడ్చామా?" అంది. టోపీ ఎక్కడ పడిందో అప్పుడు తెలిసింది. మా నెత్తిన.

తమరి వంశం సంగతి తెలియక ఆశపడ్డాం. 1997లో బందాయ్ వారు అరచేతిలో పెంచుకునే బొమ్మగా అమ్మిన జంతువులే కదా ఇవన్నీ. అంగడిలో సరుకు ఉన్నంతకాలం హరిదాసు మంగళం పాడతాడా? పాడినా చిడతలు కింద పెట్టడు.

రెండో సిరీస్ చివర, 2001 మార్చిలో, ఇరవై ఐదేళ్ల తర్వాతి కథ కూడా చూపించేశారు. మొదటి సిరీస్ పిల్లల్లో సోరాకూ యమాటోకూ పెళ్లయింది. యమాటో వ్యోమగామి, వాళ్ల జట్టులోని కోషిరో పరిశోధకుడు, రెండో సిరీస్ నాయకుడు డైసుకేకు నూడుల్స్ వ్యాపారం. అందరికీ పిల్లలు, ఆ పిల్లలకూ తలా ఒక డిజిమాన్. సంబంధాలు కుదిర్చే పేరయ్య కూడా ఒక్క పూటలో ఇంతమందిని ఓ ఇంటివాళ్లను చేయలేడు. పైగా మొదటి సిరీస్ నాయకుడు తైచి పక్కన అతని డిజిమాన్ అగుమాన్ నిక్షేపంగా ఉంది. ఆ తర్వాత 2020లో "లాస్ట్ ఎవల్యూషన్ కిజునా" అని సినిమా తీసి, మనిషి పెద్దవాడయితే డిజిమాన్ మాయమైపోతుందని చెప్పి, అదే అగుమాన్‌ను అదే తైచి పక్కనుంచి తప్పించి మళ్లీ ఏడిపించారు. మనవల ఫోటో ముందే చూపించి, ఇప్పుడు అప్పగింతలంటే ఎలా ఏడవమంటారు? ఏడ్చాను, అది వేరే సంగతి.

అదే ఏడాది ఏప్రిల్‌లో కథ మొదటి నుంచి మళ్లీ మొదలుపెట్టి 67 ఎపిసోడ్లు లాగారు. దాని జోలికి వెళ్లను.

ఇట్లు,
తమరి చేత రెండుసార్లు టోపీ పెట్టించుకున్న
ఒక ప్రేక్షకుడు

తా.క.: మా అమ్మాయి రెండో సిరీస్ పెట్టమని కూర్చుంది. ఈసారి ముందు అన్నం తినిపించాను.