పోస్టర్ మీద లేని పేరు: పోలాన్ వియేరా

ఆఫ్రికా సినిమా గురించి మనవాళ్లు మాట్లాడుకున్న ప్రతిచోటా సెనెగల్ దర్శకుడు సెంబేన్ ఉస్మాన్ పేరు వస్తుంది. రావాల్సిందే, ఆయన గొప్పతనం మీద నాకు పేచీ లేదు. కానీ ఆయన వెనక నిలబడి బండి లాగిన మనిషి పేరు ఒక్కరి నోటా వినను. పోలాన్ సుమానూ వియేరా. ఇన్నాళ్లుగా ఇది నన్ను కలుక్కుమనిపిస్తూనే ఉంది, అందుకే రాస్తున్నాను.

ఆయన 1925లో ఇప్పటి బెనిన్‌లోని పోర్తో నోవోలో పుట్టారు. చిన్నతనంలోనే చదువు కోసం ఫ్రాన్స్‌కు పంపారు. పారిస్‌లో సినిమా చదువు చెప్పే ఇడెక్‌లో పట్టా తీసుకుని, మిత్రులతో కలిసి సొంత నేల మీద సినిమా తీద్దామనుకున్నారు. అనుమతి రాలేదు. ఫ్రెంచి వలసల్లో ఎవరు కెమెరా పెట్టాలన్నా ప్రభుత్వం ఒప్పుకోవాలని 1934లోనే లావాల్ డిక్రీ తెచ్చారు. తన ఊళ్లో తాను సినిమా తీసుకోవడానికి పరాయివాడి సంతకం కావాలి! అప్పుడు వీళ్లు పారిస్ వీధుల్లోనే, అక్కడి ఆఫ్రికన్ కుర్రాళ్ల మీదే 21 నిమిషాల సినిమా తీశారు. 1955లో వచ్చిన 'ఆఫ్రిక్ సుర్ సెన్' అదే. సెంబేన్ 'బోరోమ్ సారెత్' రావడానికి ఇంకా ఎనిమిదేళ్లుంది.

స్వాతంత్ర్యం వచ్చాక వియేరా డకార్‌లో సెనెగల్ న్యూస్‌రీల్ విభాగాన్ని నడిపారు. సెంబేన్ సినిమాలకు ప్రొడక్షన్ బాధ్యతలు మోశారు. 1975 నాటి 'హలా'కి నిర్మాత ఆయనే.

ప్రొడక్షన్ పని అంటే ఏమిటో నాకు కొంచెం తెలుసు. మా బాబాయి మద్రాసులో ప్రొడక్షన్ మేనేజరుగా చేశారు. ఇంటికొచ్చినా చొక్కా జేబులో చిన్న పుస్తకం ఉండేది. లైట్‌మన్ బేటా, జూనియర్ ఆర్టిస్టుల భోజనాలు, వాన పడితే రేపటి కాల్షీట్ ఏమవుతుందన్న లెక్క, అన్నీ అందులోనే. రాత్రి రెండింటికి లేచి ఆ పుస్తకం చూసుకోవడం నేను కళ్లారా చూశాను. ఆయన టెన్షన్ థియేటర్లో ఎవరికీ కనిపించలేదు.

అందుకే 'హలా' చూస్తుంటే నా కళ్లు వేరే చోటికి పోతాయి. మొదట్లో ఛాంబర్ ఆఫ్ కామర్స్ దగ్గర డప్పులు, జనం, బయటికి మోసుకొచ్చే ఫ్రెంచి విగ్రహాలు. తర్వాత ఫ్రెంచివాళ్ల కుర్చీల్లో కూర్చున్న కొత్త దొరల ముందు తెరుచుకునే నోట్ల కట్టల బ్రీఫ్‌కేసులు. బాటిల్ నీళ్లు, అదీ ఫ్రెంచి బ్రాండు ఎవియన్ నీళ్లు పోసి కడిగే మెర్సిడెస్. చివర్లో ఇంట్లోకి దూసుకొచ్చి హీరో ఒంటి మీద ఉమ్మేసే బిచ్చగాళ్ల గుంపు. విమర్శకులు అందులో ప్రతీకలు వెతుకుతారు, వెతకనివ్వండి. నాకు మాత్రం ఆ గుంపును పొద్దున్నే లొకేషన్‌కు చేర్చడం, తిండి పెట్టడం, టేక్ ఓకే అయ్యేదాకా చెదిరిపోకుండా చూడటం కనిపిస్తాయి. ఎక్స్‌పోజ్ చేసిన నెగటివ్ పారిస్ ల్యాబ్‌కు వెళ్లి రావాలి. ఇక్కడ షాట్ బాగా వచ్చిందో లేదో రోజుల తరబడి తెలియదు. ఇదంతా కళ కాదని ఎవరైనా అంటే నాకు ఒళ్లు మండుతుంది.

సినిమా పూర్తయినా కష్టం తీరలేదు. ఫ్రెంచి మాట్లాడే పశ్చిమాఫ్రికాలో థియేటర్లు చాలాకాలం కొమాసికో, సెక్మా అనే రెండు ఫ్రెంచి కంపెనీల గుప్పిట్లో ఉన్నాయి. సొంత దేశంలో సెన్సార్ 'హలా'ను చాలాచోట్ల కత్తిరించింది. 1977లో సెంబేన్ 'సెడ్డో' వచ్చినప్పుడు, ఆ పేరులో రెండు 'డి'లు ఉండకూడదని అప్పటి అధ్యక్షుడు సెంఘోర్ ప్రభుత్వం పేచీ పెట్టి దేశంలో ఆడనివ్వలేదు. అక్షరం దగ్గర సినిమా ఆగిపోతే ప్రొడక్షన్ చూసినవాడి గుండె ఎలా ఉంటుంది?

ఇన్ని పనుల మధ్య ఆయన రాశారు కూడా. 1972లో సెంబేన్ మీద పుస్తకం, 1975లో ఆఫ్రికా సినిమా చరిత్ర. 'సెడ్డో' షూటింగ్ మీద డాక్యుమెంటరీ తీస్తే అందులోనూ ముందు నిలబెట్టింది సెంబేన్‌నే. అందరి పేర్లూ భద్రంగా దాచిపెట్టిన మనిషి ఆయన. సొంతంగా పూర్తి నిడివి కథాచిత్రం ఒక్కటంటే ఒక్కటి, అదీ 1981లో, యాభై ఆరేళ్ల వయసులో. 1987లో పారిస్‌లో పోయారు.

ఫిల్మ్ సొసైటీలు నడుపుతున్న మిత్రులకు ఒక్క విన్నపం. ఈసారి సెంబేన్ సినిమా వేసేటప్పుడు ముందు ఆ 21 నిమిషాల సినిమా వేయండి. రెండు మాటలు చెప్పడానికి మనిషి కావాలంటే నన్ను పిలవండి, బస్సు ఛార్జీలు కూడా అడగను.