పట్టు విడవని సంపాదకుడు

వార్తకు ఆయుష్షు ఒక్క పూటేనని పత్రికా కార్యాలయాల్లో అంటుంటారు. ఆ లెక్కను జీవితాంతం ఒప్పుకోని సంపాదకుడు హెరాల్డ్ ఎవాన్స్. మాంచెస్టర్ పక్కనే ఉన్న ఎక్కిల్స్‌లో 1928లో రైలింజను డ్రైవరు ఇంట పుట్టి, పదహారో ఏట ఒక వారపత్రికలో విలేకరిగా చేరారు. అంతకుముందే, 1940 వేసవిలో, వేల్స్ తీరంలోని రిల్ పట్టణంలో, ఫ్రాన్స్‌లోని డంకర్క్ రేవు నుంచి జర్మన్ సేనలకు చిక్కకుండా బతికి బయటపడిన బ్రిటన్ సైనికులు ఇసుకలో చతికిలబడి ఉండడం ఆయన చూశారు. తండ్రి మాట కలిపితే వారు తమ ఓటమి గోడు వెళ్లబోసుకున్నారు. పత్రికలేమో వారు మళ్లీ పోరుకు ఉవ్విళ్లూరుతున్నారని రాశాయి. అచ్చులో కనిపించేదానిపై ఆయనకు అనుమానం మొలకెత్తింది అక్కడే.

1961లో డార్లింగ్టన్ నుంచి వెలువడే నార్తర్న్ ఎకో దినపత్రిక పగ్గాలు చేపట్టారు. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌ను ముందే పసిగట్టే స్మియర్ పరీక్ష కెనడాలోని వాంకూవర్‌లో ప్రాణాలు కాపాడుతోందన్న చిన్న వార్తాముక్క కంటబడితే, దాని వెనుక విలేకరిని నడిపించి, బ్రిటన్ ప్రభుత్వం దేశమంతటా ఆ పరీక్షలకు ఒప్పుకునేదాకా రాయిస్తూనే ఉన్నారు. 1950లో అన్యాయంగా ఉరికంబమెక్కిన తిమోతీ ఎవాన్స్‌కు (ఇంటిపేరు కలిసిందే తప్ప చుట్టరికం లేదు) మరణానంతర క్షమాభిక్ష 1966లో దక్కడంలోనూ ఆ ప్రాంతీయ పత్రిక పాత్ర ఉంది.

1967లో సండే టైమ్స్ సంపాదకుడయ్యాక చేసిన థాలిడోమైడ్ పోరాటం వీటన్నింటినీ మించినది. డిస్టిలర్స్ అనే సారా కంపెనీ 1958 నుంచి 1961 దాకా బ్రిటన్‌లో అమ్మిన ఆ మందు గర్భిణులు వాడితే, భుజాల నుంచే వేళ్లు మొలిచిన పసిబిడ్డలు పుట్టారు. తల్లిదండ్రులు 1962లో వేసిన దావాలు పదేళ్లయినా తెమల్లేదు. దావా నడుస్తున్నంతకాలం నోరెత్తితే కోర్టు ధిక్కారమన్న భయంతో పత్రికలు మౌనం పాటించాయి. అంటే జాప్యమే కంపెనీకి కవచమైంది. ఎవాన్స్ దీనికి ఉపాయం కనిపెట్టారు. చట్టపరమైన బాధ్యత కోర్టు తేలుస్తుంది, నైతిక బాధ్యత సంగతేమిటని 1972 సెప్టెంబర్ 24న నిలదీశారు. ఆ పిల్లల దుస్థితి జాతికే సిగ్గుచేటని పతాక శీర్షిక పెట్టారు. డిస్టిలర్స్ ఆ పత్రికకు భారీగా ప్రకటనలిచ్చే సంస్థ కూడానన్నది మరువరాదు. మందును ఎలా పరీక్షించారో, ఎలా అమ్మారో చెప్పే వ్యాసాన్ని మాత్రం కోర్టు ఆపేసింది. అప్పీలులో తొలగిన ఆ ఆంక్షను అప్పట్లో బ్రిటన్‌కు అత్యున్నత న్యాయస్థానమైన ప్రభువుల సభ 1973లో పునరుద్ధరించింది. అయినా ప్రజాగ్రహానికి తలొగ్గి, 32.5 లక్షల పౌండ్ల దగ్గర బేరమాడిన కంపెనీ సుమారు 2 కోట్ల పౌండ్లకు దిగివచ్చింది. అక్కడితో ఊరుకోక పత్రిక స్ట్రాస్‌బర్గ్‌లోని యూరోపియన్ మానవ హక్కుల న్యాయస్థానం దాకా వెళ్లింది. 1979లో 11 మంది న్యాయమూర్తులు పత్రిక పక్షాన, 9 మంది బ్రిటన్ ప్రభుత్వం పక్షాన నిలిచారు. కోర్టు ధిక్కార చట్టాన్ని బ్రిటన్ 1981లో సవరించుకోక తప్పలేదు.

ఇన్నేళ్లపాటు ఇంత ఖర్చుతో వ్యాజ్యం నడిచిందంటే, సంపాదకుడి గదిలోకి తొంగిచూడని థామ్సన్ కుటుంబం యజమానిగా ఉండడం వల్లనే. 1981లో పత్రికాధిపతి రూపర్ట్ మర్డోక్ టైమ్స్, సండే టైమ్స్‌లను కొన్నప్పుడు సంపాదకుల స్వేచ్ఛకు రాతపూర్వకంగా హామీలిచ్చారు. ఆ కాగితాలను నమ్మి, తన కోటలాంటి సండే టైమ్స్‌ను విడిచి టైమ్స్ సంపాదకత్వం స్వీకరించడం ఎవాన్స్ చేసిన పెద్ద పొరపాటని మా అభిప్రాయం. ఇతరుల మాటలను అంతగా శంకించిన మనిషి అక్కడే ఎలా ఏమరుపడ్డారో! దాదాపు ఏడాదికే, 1982 మార్చిలో, రాజీనామా చేయాల్సి వచ్చింది. తర్వాత అమెరికా వెళ్లి పుస్తక ప్రచురణలో పేరు తెచ్చుకున్నారు. 2020 సెప్టెంబర్‌లో 92వ ఏట న్యూయార్క్‌లో కన్నుమూశారు.

థాలిడోమైడ్ బాధితులకు బ్రిటన్ ప్రభుత్వం పార్లమెంటులో విచారం ప్రకటించింది 2010 జనవరిలో. అప్పటికి ఆ బిడ్డలకు యాభై ఏళ్లు వస్తున్నాయి. ఎవాన్స్ సండే టైమ్స్‌ను వీడి 29 ఏళ్లు కావస్తోంది.