జ్వాలాపురం బూడిదకు బహిరంగ లేఖ

బూడిదమ్మా, నమస్కారం.

మా అందరికంటే పెద్దదానివి. నీ వయసు 74 వేల ఏళ్లు. అయినా అంట్లు తోమే పొడిలో కలిసి, కిరాణా కొట్ల గుమ్మాలకు వేలాడడానికి నీకు ఏమాత్రం నామోషీ లేదు. ఆ నిరాడంబరతకు ముచ్చటపడి ఈ ఉత్తరం రాస్తున్నాను.

నీ పుట్టిల్లు సుమత్రా దీవి. అక్కడ తోబా అగ్నిపర్వతం బద్దలైతే రెండున్నర వేల కిలోమీటర్లకు పైగా ఎగిరివచ్చి, బనగానపల్లె దగ్గర జ్వాలాపురం ఊరున్న జుర్రేరు లోయలో వాలావు. ఆకాశం నుంచి రాలింది పల్చటి పొరే. చుట్టూ గుట్టల మీద పడినదాన్ని కూడా వానలు కడిగి లోయలోకి దించడంతో కొన్నిచోట్ల రెండు మీటర్లకు మించి పేరుకున్నావు. అదే నీ కొంప ముంచింది, అంట్ల పొడి కోసం నిన్ను తవ్వి లారీలకెత్తుతున్నారు. పల్చగానే ఉండి ఉంటే ఏ పారా నీ జోలికి వచ్చేది కాదు.

వేళ్ల మధ్య నలిపితే ముందు పిండిలా మెత్తగా ఉంటావు, ఆ తర్వాత సన్నగా గీసుకుంటావు. సూక్ష్మదర్శినిలో చూస్తే కారణం తెలుస్తుంది. నువ్వంతా గాజు బుడగలు పగిలిన పెంకులే, వంపు తిరిగిన పదునైన అంచులే. పాలగిన్నె అడుగున మాడు వదిలించేది ఆ అంచులే. అగ్నిపర్వతం అంత ఆర్భాటం చేసింది మా ఇళ్లలో గిన్నెలు మెరవడానికేనన్నమాట!

నీలో ఇంకో సుగుణం కూడా ఉందని పురావస్తు శాస్త్రవేత్తలు మైఖేల్ పెట్రాగ్లియా, రవి కొరిశెట్టర్ల బృందం 2007లో లోకానికి చెప్పింది. నీ కింది మట్టిలో రాతి పనిముట్లు ఉన్నాయి, పైమట్టిలోనూ ఉన్నాయి, రెండూ దాదాపు ఒకే తీరువి. అంటే ఆకాశం నుంచి బూడిద కురిసినా ఇక్కడి జనం రాయి చెక్కడం మానలేదని వారి వాదన. (వానలు ఎగ్గొట్టినా సేద్యం మానని ఊళ్లలో దీనికి ఎవరూ ఆశ్చర్యపోరు.) ఆ రాళ్లు చెక్కినవాళ్లు మనవంటి మనుషులా, మనకన్నా పాత రకం మనుషులా అన్న తగాదా మాత్రం ఇంకా తెగలేదు. తేల్చి చెప్పడానికి అక్కడ వాళ్ల ఎముక ఒక్కటీ దొరకలేదు. అది ఇంకా నీ కిందే ఉండవచ్చు. లేదా ఎప్పుడో లారీ ఎక్కి వెళ్లిపోయి ఉండవచ్చు.

నీ మీద మాకు పగేమీ లేదు. మాకు జరిగిపోయిన దానికన్నా జరగబోయే దాని మీద మోజు ఎక్కువ, అంతే. మీ బనగానపల్లె దగ్గరే, రవ్వలకొండ గుహలో కూర్చుని వీరబ్రహ్మేంద్రస్వామి రాబోయే కాలం గురించి రాశారని చెప్పుకుంటాం. ఆ చుట్టుపక్కలే యాగంటి బసవన్న ఏటేటా పెరుగుతున్నాడని, కలియుగాంతాన లేచి రంకె వేస్తాడని నమ్ముతాం. బసవన్న పెరుగుతున్నాడు, నువ్వు తరుగుతున్నావు. పెరిగేవాళ్లకే కదా ఎవరైనా దండం పెట్టేది!

2022లో జిల్లాలు విడదీసినప్పుడు నిన్ను కర్నూలు నుంచి నంద్యాలకు మార్చారు. వచ్చినప్పటి నుంచీ కదలనిదానివి, నీకిది తొలి బదిలీ. నీ గోడు వినవలసింది ఏ జిల్లా వాళ్లో తేలేసరికి ఎన్ని లారీలు నిండుతాయో!

నీ గురించి ఎన్ని వ్యాసాలు రాసినా బూడిదలో పోసిన పన్నీరేనని కొందరు నిష్ఠూరమాడుతున్నారు. నేను ఒప్పుకోను. పన్నీరు పోయాలన్నా ముందు బూడిద మిగలాలి కదా!

అందుకని ఒక ఉపాయం చెబుతాను. నీ అడుగున నిధి ఉందని పుకారు పుట్టించుకోవద్దు, పగటి పారలకు తోడు రాత్రి పలుగులు కూడా దిగుతాయి. ఎవరైనా పెద్దమనిషి కలలో కనిపించి గుడి కట్టమని అడుగు. వారం తిరక్కుండా కంచె, మైకు, హుండీ, ప్రదక్షిణకు సిమెంటు దారి అన్నీ అమరుతాయి. ఆ తర్వాత నిన్ను తవ్వే ధైర్యం ఎవరికుంటుంది? కాకపోతే విభూతి అని చిటికెడు చిటికెడుగా పంచిపెడతారేమో, ఆ ఒక్కటీ చూసుకో.

ఇట్లు,
నీ పాత జిల్లావాడు,
కర్నూలు