ముందు అరబీలో ఎలా రాస్తారో చూపించండి, తర్వాత అర్థం చెప్పండి

మా చుట్టాల్లో ఎవరింట్లో బిడ్డ పుట్టినా ఫ్యామిలీ గ్రూప్‌లో పేర్ల సైట్ల స్క్రీన్‌షాట్లు మొదలు. ఈ పేరుకి స్వర్గపు వెలుగు అని అర్థమంట, అరబీ పేరంట, లక్కీ నంబర్ 7 అంట. ఇస్లామ్‌లో లేని లక్కీ నంబర్‌కి ఇస్లామిక్ పేర్ల సైట్లో ఏం పని అని ఒక్కరూ అడగరు! అడిగితే "నాలుగు సైట్లలో అదే ఉందిలే" అంటారు. ఉండదా మరి, ఒకడు రాసింది మిగతా ముగ్గురూ ఎత్తుకొచ్చి పెట్టుకుంటే. ఇప్పుడు చాట్‌బాట్లు కూడా తయారయ్యాయి, ఆ సైట్ల సరుకే ఇంకాస్త ధీమాగా చెప్తాయి.

అరబీ పేరుకి అర్థం ఏ అక్షరాలతో రాశారన్న దాంట్లో ఉంటుంది. మనం స అని పలికేసే అక్షరాలు అక్కడ మూడు, ఇంగ్లీషు z లాగా జ అనేసేవి నాలుగు, ఇంగ్లీషులోకో తెలుగులోకో వచ్చేసరికి అన్నీ ఒకటైపోతాయి. ఆసియా అనే పేరే తీసుకోండి. అలిఫ్, సీన్ అనే అక్షరాలతో రాస్తే ఈజిప్టు రాజు ఫిరౌన్ భార్య పేరు, ఎంతో గౌరవమైన పేరు. అయిన్, స్వాద్‌తో రాశారా, మాట వినని మనిషి అని అర్థం! ఈ రెండో పేరున్న ఒకావిడకి ప్రవక్త గారే జమీలా అని మార్చారని సహీహ్ ముస్లిం అనే హదీసుల (ప్రవక్త గారి మాటలు, చేతల కథనాల) గ్రంథంలో ఉంది. మన బర్త్ సర్టిఫికెట్‌లో మాత్రం రెండూ అచ్చం ఒకటే. అరబీ అక్షరాలు చూపించకుండా అర్థం చెప్పే సైట్‌ని అసలెలా నమ్ముతారో నాకర్థం కాదు.

ఇంకోటి, ఉర్దూ ఇళ్లల్లో వినిపించిన ప్రతి పేరూ అరబీ అనేయడం. పర్వీన్, షిరీన్, గుల్నార్, ఫిరోజ్ ఇవన్నీ ఫారసీ. ఫారసీ అయితే వచ్చిన నష్టమేం లేదు, పర్వీన్ అంటే కృత్తికా నక్షత్రాలు, ఎంత బావుంది, దానికి అరబీ అని స్టాంపెందుకు? సమీర్ అయితే సంస్కృతంలో గాలి, అరబీలో రాత్రిళ్లు కూర్చుని కబుర్లాడే తోడు, సంబంధం లేని రెండు మాటల్నీ ఒకే లైన్లో కలిపేస్తారు. ఖురాన్‌లో ఉంది కదా అని అలైనా అని పెట్టేవాళ్లున్నారు, అక్కడ ఆ మాటకి "మా మీద" అని అర్థం అంతే. ఖురాన్‌లో గాడిద ప్రస్తావన కూడా ఉంది మరి.

నాకు బాగా నవ్వొచ్చేది దీనికి రివర్స్ కేసు. ఖదీజా అనే మాట మూలం చూస్తే నెలలు నిండకుండా పుట్టడం అని వస్తుంది, ఫాతిమా అంటే పాలు మాన్పించడం నుంచి వచ్చింది. సైట్లకి ఇది నామోషీ అనుకుంటా, గౌరవనీయురాలు, పవిత్రురాలు అని పూత పూసేస్తాయి. అయ్యా, ఆ పేర్లు మనం పెట్టుకునేది డిక్షనరీ చూసి కాదు, ప్రవక్త గారి భార్య, కూతురు అయిన ఆ ఇద్దరు మహాతల్లుల్ని చూసి! అందమైన అర్థం ఉంటేనే మంచి పేరు అనే పిచ్చి ఈ సైట్లే అంటించాయి.

చెక్ చేయడం బ్రహ్మవిద్యేం కాదు. అరబీ చదివిన ఆలిమ్ (మత పండితుడు) దగ్గరికెళ్లి పేరు అరబీలో రాయించుకోండి, ధాతువు ఏదో అడగండి, హాన్స్ వెహ్ర్ అరబీ-ఇంగ్లీషు డిక్షనరీలో చూడండి, ఫారసీ అనిపిస్తే స్టైన్‌గాస్ ఫారసీ-ఇంగ్లీషు డిక్షనరీ ఉంది. పుట్టిన ఏడో రోజు చేసే అకీకా వేడుకకి టైం లేదంటారా, ఇంట్లో పిలిచే పేరు పిలుచుకోండి. జననం పేరు లేకుండానే రిజిస్టర్ చేయించొచ్చు, ఏడాది లోపు పేరు ఉచితంగా ఎక్కిస్తారు, లేట్ ఫీజు కడితే 15 ఏళ్ల దాకా కూడా.