తనామి పేరు మోగినచోట అయిహారా ఎందుకు వినిపించడు?

జపాన్ యానిమే, అంటే అక్కడి యానిమేషన్ సినిమాలు తెలుగు డబ్బింగ్‌తో మన థియేటర్లకే వస్తున్నాయి. అక్కడి దర్శకుల పేర్లు, స్టూడియోల పేర్లు గుక్క తిప్పుకోకుండా చెప్పే అభిమానులు ఇక్కడా ఉన్నారు. ఆ జాబితాల్లో నొబుహిరో అయిహారా కనబడరు. నా దృష్టిలో ఆ దేశపు స్వతంత్ర యానిమేషన్‌లో పనిచేసిన గొప్ప చిత్రకారుల్లో ఆయన ఒకరు.

1944లో పుట్టిన అయిహారా, టీవీ యానిమే ఊపందుకున్న 1960లలో కమర్షియల్ యానిమేషన్‌లోకి వచ్చారు. వారానికో ఎపిసోడ్ ఇవ్వాలంటే తక్కువ బొమ్మలతో సరిపెట్టాలి. అందుకే పాత్ర కదలకుండా నిలబడుతుంది, పెదవులు మాత్రం ఆడతాయి. బతుకుతెరువుకు ఆ రంగంలో ఉంటూనే, సొంత చిత్రాల్లో ఆయన దానికి పూర్తిగా ఎదురు నడిచారు. 1975లో ‘స్టోన్’, 1977లో ‘కర్మ’ తీశారు. ఆయన చిత్రాల్లో కథను పట్టుకుని వెళ్లే వీలుండదు. ఒక ఆకారం పొంగుతుంది, చీలుతుంది, చూస్తుండగానే మరొకటైపోతుంది.

ఇందులోని కష్టాన్ని మనం తక్కువగా అంచనా వేస్తాం. తెలిసిన ముఖం తెర మీద ఉంటే, గీత కాస్త తడబడినా కన్ను సర్దుకుపోతుంది. ముఖమే లేని ఆకారానికి కదలికే ప్రాణం. సెకనుకు 24 ఫ్రేములు కావాలి. ఒక్కో బొమ్మను రెండు ఫ్రేములకు వాడుకున్నా, ఐదు నిమిషాల చిత్రానికి 3,600 బొమ్మలు గీయాలి. అందులో ఏ ఒక్కటి గాడి తప్పినా ప్రవాహం తెగుతుంది.

2000 తర్వాత ఆయన, ప్రకటనలు, కామిక్స్ లాంటి జనంలో తిరిగే బొమ్మల నుంచి కళను తీసే పాప్ ఆర్టిస్ట్ కెయిచి తనామితో కలిసి వరుసగా పొట్టి చిత్రాలు చేశారు. ఇద్దరూ క్యోటోలో ఒకే ఆర్ట్ యూనివర్సిటీలో పాఠాలు చెప్పారు. చిన్నప్పుడు టోక్యో మీద పడిన బాంబుల వెలుగు, తాతగారి తొట్టిలోని బంగారు చేపలు తనామిని జీవితాంతం వదల్లేదు. వాటి నుంచి పుట్టిన ఆయన బొమ్మల పక్కన అయిహారా గీత చేరాక ఏది ఎవరిదో విడదీసి చెప్పలేం. నాకు ఆ కలయికే ఈ చిత్రాల అసలు బలం.

అయినా గ్యాలరీలలో మోగింది తనామి పేరే. ఆయన ఆ గుర్తింపుకు అర్హులే. 2024 ఆగస్టులో టోక్యో నేషనల్ ఆర్ట్ సెంటర్‌లో తన భారీ ప్రదర్శన మొదలైన రెండు రోజులకే ఆయన కన్నుమూశారు. అయిహారా అంతకు చాలా ముందే, 2011లో బాలిలో చనిపోయారు. ఈ తేడాకు ప్రధాన కారణం మార్కెట్ అని నేననుకుంటాను. తనామి చిత్రాన్ని గోడకు తగిలించవచ్చు, అమ్మవచ్చు. అయిహారా గీసిన ఒక్క కాగితాన్ని విడిగా తీస్తే, దాని ముందూ వెనకా ఉన్న వందల కాగితాలు లేకుండా అది సగం మాటలాగే మిగులుతుంది. కొనేవాడికి చేతికందే వస్తువు కావాలి. కదలికను ఎవరు కొంటారు?

దీన్ని సరిచేయడం మ్యూజియంలకు పెద్ద పనేమీ కాదు. ఇద్దరూ కలిసి చేసిన చిత్రాలను వేసినప్పుడల్లా అయిహారా ఒంటరిగా తీసినవీ అదే తెర మీద వేయాలి, గోడ మీది పరిచయంలో ఆయనకూ సమానమైన చోటివ్వాలి.