హీరోయిన్ గొంతుకు బడ్జెట్ లేదా?

వరంగల్ చుట్టుపక్కల తీసే చిన్న సినిమాల్లో అమెరికాలో ఉన్న మనవాళ్ల డాలర్లూ ఉంటాయి. డబ్బు పెట్టేవాళ్లు కెమెరా ఏది, డ్రోన్ షాట్లున్నాయా అని అడుగుతారు. హీరోయిన్ డైలాగు ఎవరు చెబుతారని మాత్రం అడగరు. ముందు అడగాల్సింది అదే.

యూట్యూబ్ 'మై విలేజ్ షో'తో పేరు తెచ్చుకున్న జగిత్యాల జిల్లా లంబాడిపల్లి గంగవ్వకు వేరొకరి గొంతు పెట్టి చూడండి, ఏం మిగులుతుంది? కొత్త నటికీ అంతే.

చాలాచోట్ల షూటింగ్‌లో మాటను గుర్తు కోసమే, పైలట్ ట్రాక్‌గా రికార్డు చేస్తారు. అసలు మాట తర్వాత స్టూడియోలో చెప్పాలి. అప్పటికి డబ్బులు అయిపోతాయి. హన్మకొండ అమ్మాయిని హైదరాబాద్ రప్పించి రెండు మూడు రోజులు ఉంచే బదులు, అక్కడే దొరికే గొంతుతో కానిచ్చేస్తారు. ముఖం ఓరుగల్లుది, యాస ఎక్కడిదో! రేపు ఇంకో దర్శకుడు ఆ సినిమా చూస్తే ఆమె నటన సగమే కనిపిస్తుంది.

లైవ్ సౌండ్, అంటే షూటింగ్‌లో చెప్పిన మాటనే సినిమాలో వాడటం, మేలు, కానీ ఊరికే రాదు. బూమ్ (పొడవాటి కర్రకు కట్టిన మైకు) పట్టే మనిషి, రికార్డర్ చూసుకునే మనిషి, బట్టలకు తగిలించే లేపెల్ మైకులు కావాలి. కాజీపేట జంక్షన్ పక్కన ఇల్లు తీసుకుంటే రైలు పోయేదాకా టేకు ఆగాల్సిందే. కోతలప్పుడు హార్వెస్టర్లు, ఎండాకాలం కూలర్లు. కూలర్ ఆపితే చెమటకు మైకు టేపు ఊడుతుంది. పాలిస్టర్ కొంగు మైకుకు రాసుకుంటే గరగర, నూలు చీర నయం. మట్టిగాజులు డైలాగును మింగేస్తాయి. క్లోజప్‌లో చెయ్యి కనిపించకపోతే తీసేయాలి, కనిపిస్తే వాటిని కలిపి లోపలివైపు టేపు వేయాలి. ప్రతి లొకేషన్‌లో అందరూ కదలకుండా కనీసం 30 సెకన్లు అక్కడి నిశ్శబ్దాన్ని రికార్డు చేయకపోతే, ఎడిటింగ్‌లో మాటల మధ్య అతుకులు వినిపిస్తాయి.

ఇక పైసల సంగతి. పారితోషికం చివరి వాయిదా డబ్బింగ్‌కు ముందే తీసుకోవడం నటీనటుల పాత జాగ్రత్త. గొంతు మార్చే వీలుంటే ఆ పట్టు పోతుంది. అందుకే నటి రాతపూర్వక అంగీకారం లేకుండా వేరే గొంతు వాడరాదని అగ్రిమెంటులో రాయించాలి. లైవ్ సౌండ్ అయితే చివరి వాయిదా ఆఖరి షెడ్యూలుకు ముందే ఇవ్వాలి. విడుదల ఆగి సినిమా హార్డ్‌డిస్కులోనే ఉండిపోతే, ఫలానా తేదీకల్లా రెండు నిమిషాల క్లిప్పు ఆమె షోరీల్ (తన నటన చూపించే చిన్న వీడియో) కోసం ఇవ్వాలని కూడా రాయాలి.

ఇవి నటి ఒక్కతే అడిగితే 'కొత్త పిల్లకు ఇన్ని షరతులా' అంటారు. చెక్కు రాసేవాళ్లు అడిగితే ఆ మాట అనరు.